కప్పల లెక్క
(గ్రంథాలయ రజతోత్సవ సభలో చేసిన ప్రసంగ పాఠము)



ఆహ్వానపత్రికలో నా పేరునకు ఎదురుగా "కప్పల లెక్క" అని యుండుట చూచి ఇద్దరు ముగ్గురు మిత్రులు, ఇది అచ్చుతప్పు కాబోలు, "కప్పముల లెక్క" అని యుండవలె ననిరి. సామంతులు చక్రవర్తులకు చెల్లించిన కప్పములను గూర్చి ఏదో పురాణకథ చెప్పుదునని వారి ఊహ. అచ్చుతప్పు కాదు. నేను మాట్లాడదలచినది బెకబెకలాడు కప్పను గూర్చియే.

నేను పండితుడను గాను. లెక్కలు వ్రాయుట నా జీవనము. మా తాతగారి కాలమున దీనిని కరణికమనెడివారు. 1984లో ప్రభుత్వము ఆ పదవులను రద్దు చేసినది. తరువాత పేర్లు పలుమార్లు మారినవి. అడంగలు కాగితమును విడిచి కంప్యూటరులోనికి ఎక్కినది. అయినను వ్రాయవలసిన సంగతులు అవియే: ఏ సర్వే నంబరు, ఎంత విస్తీర్ణము, ఏ పైరు, ఏ నీటి ఆధారము. ఇక సంస్కృతాంధ్రములలో నాకున్న కొద్దిపాటి పరిచయము ఈ గ్రంథాలయపు బీరువాలు పెట్టిన భిక్ష. కావున లెక్కలవాని చూపుతోను, బీరువా చదువుతోను ఒక సంగతి మీ ముందుంచెదను. మన పొలములలో కప్పలు తగ్గినవి. దానికి కారణములు దూరదేశములలో కంటె మన గట్ల నడుమనే ఎక్కువగా నున్నవి. అయినను వాటిని లెక్కపెట్టినవాడు మనలో ఒక్కడును లేడు.

మన పూర్వులు కప్పను చిన్నచూపు చూచినవారు కారు. నేడు అల్పజ్ఞుని "బావిలో కప్ప" యని ఎత్తిపొడుచుచున్నాము గాని, ఋగ్వేదము ఏడవ మండలములో నూటమూడవ సూక్తము మొత్తము కప్పలమీదనే యున్నది. దానికి ద్రష్ట వసిష్ఠుడని సంప్రదాయము. అందలి భావమును మాత్రము చెప్పెదను. ఏడాది పొడుగునను వ్రతము పట్టిన బ్రాహ్మణులవలె మౌనముగా పడియుండిన కప్పలు వాన పడగనే గొంతెత్తును. ఒకటి పలికినదానిని వేరొకటి, గురువు చెప్పినదానిని శిష్యుడు వల్లించినట్లు, మరల పలుకును. ఒకదాని గొంతు ఆవు అరుపువలె నుండును, ఒకదానిది మేక అరుపువలె నుండును. ఒకటి పచ్చనిది, ఒకటి చుక్కలది. పేరొక్కటే గాని రూపములు వేరు. తుదకు ఋషి ఆ కప్పలనే గోసంపదను, దీర్ఘాయువును ఇమ్మని కోరుచున్నాడు. ఇది వేదపాఠకులపై పరిహాసమని కొందరు పాశ్చాత్య పండితులు తలచిరి. వర్షమును గోరిన స్తుతియని మరికొందరి మతము. నాకు రెండవదే సమంజసముగా తోచును. పరిహాసమాడువాడు ఎవరిని పరిహసించుచున్నాడో వారినే ఆయువడుగునా? ఎట్లయినను ఆ ఋషి చెవి ఎంత నిశితమైనదో చూడుడు. గొంతును బట్టియు, రంగును బట్టియు కప్పలలో భేదములున్నవని ఆయన గుర్తించినాడు. నేటి శాస్త్రజ్ఞులు రాత్రివేళ చెరువుగట్టున నిలిచి చేయుచున్న పని ఇదియే.

అమరకోశమున కప్పకు ఆరు పేర్లున్నవి. వానిలో "వర్షాభువు" అనునది నాకు మిక్కిలి ఇష్టము. వానలలో పుట్టునది అని అర్థము. వ్యాకరణము చదివినవారు "మండూకప్లుతి" అను మాట ఎరుగుదురు. పై సూత్రములోని పదము నడిమి సూత్రములను విడిచి, కప్ప గెంతినట్లు గెంతి, దిగువ సూత్రమున అన్వయించుటకు ఆ పేరు. పాణిని సంప్రదాయమువారు సూత్రములకు ఉపమానము వెదకినప్పుడు కూడ వారి కంటికి కప్ప కనబడినది. అది అంతగా మనుష్యుల ఎదుట నుండెడి ప్రాణి.

శాస్త్రజ్ఞులు కప్పను, దాని చుట్టములను ఉభయచరములందురు. నీట గ్రుడ్డు, నీట బాల్యము, పిదప నేలపై జీవనము. గ్రుడ్డునుండి వెలువడిన తోకకప్ప చేపవలె మొప్పలతో ఊపిరి పీల్చి, నాచు గీరుకొని తిని, కాళ్లు వచ్చి తోక పోయిన పిదప గట్టెక్కును. ఇది బడిపిల్లలకును తెలిసినదే. మనకు ముఖ్యమైన సంగతులు రెండున్నవి. కప్ప నోటితో నీరు త్రాగదు, చర్మముతోనే పీల్చుకొనును. ఊపిరితిత్తులున్నను ఊపిరిలో కొంత చర్మముగుండనే సాగును. రెండవది, దాని గ్రుడ్డునకు పెంకు లేదు. జిగురుపొర ఒక్కటే కవచము. కోడిగ్రుడ్డునకు పెంకున్నది, పాముగ్రుడ్డునకు తోలున్నది, దీనికేమియు లేదు. నీటిలో ఏది కలిసిన అది కప్ప ఒంటిలోనికి తిన్నగా పోవును. వైద్యుడు నాడి పట్టి చూచినట్లు ఒక ఊరి నీటిని తెలిసికొనుటకు కప్పను చూడవచ్చునని పరిశోధకులు చెప్పుటకు హేతువిదియే.

మన నల్లమల అంచు పల్లెలలో కప్పలు ఒక్క రకము కావు. తొలకరికి మడులలో పసుపు పూసినట్లు మెరయుచు, గొంతునకు ఇరువైపుల నీలిబుడగలు ఉబ్బించి మ్రోగు పెద్దది బోదురుకప్ప. ఆ పసుపు మగవాని పెండ్లిరంగు. కొద్దినాళ్లకే పోవును. ఒడలెల్ల గరుకుపొక్కులతో, సాయంకాలము దీపస్తంభము క్రింద పురుగులకై కాచుకొని కూర్చుండునది గోదురుకప్ప. బావినీటిపై తేలియాడుచు, అలికిడి కాగానే నీటిమీదనే గెంతులు వేయుచు పారిపోవునది మరియొకటి. స్నానపు గదులలో గోడ కరచుకొని యుండునది చెట్టుకప్ప. అది నీటికి పైనున్న ఆకులకో గోడకో నురుగుతో గూడు కట్టి గ్రుడ్లు పెట్టును. పిల్లలు నురుగు తడిలో పెరిగి జారి నీట పడుదురు. బొటనవ్రేలి గోరంతటి చిన్నకప్పలు గడ్డిలో కీచురాళ్లవలె అరచును. ఇక బంతివలె గుండ్రని ఒడలు గలిగి, వెనుకకాళ్లతో మన్ను త్రవ్వుకొని, ఏడాదిలో ఎక్కువ కాలము భూమిలోనే దాగి, గట్టివాన పడిన కొద్ది రాత్రులు మాత్రము పైకి వచ్చునది ఒకటి కలదు. ఋషి చెప్పిన సంవత్సరవ్రతము దానికే చక్కగా సరిపోవును. ఉస్మానియా విశ్వవిద్యాలయ పరిశోధకులు నల్లమల కొండలలోని ఉభయచరములకును, సరీసృపములకును పట్టికలు కూర్చి ప్రకటించినారు. అడవికి పట్టిక యున్నది. అడవి దిగువనున్న మన నల్లరేగడి పొలమునకు లేదు.

వానలు ముఖము చాటువేసిన యేట మన సీమలోను, తెలంగాణమునను పిల్లలు కప్పకావడి ఎత్తుట మీరెరుగుదురు. కప్పను పట్టి రోకలికి వేపమండలతో కట్టి, ఇద్దరు భుజములపై మోయుచు ఇంటింటికి వచ్చెదరు. ఇల్లాలు బిందెడు నీరు దానిపై గుమ్మరించి, చేటలో గింజలు తెచ్చి పోయును. కప్పతల్లికి తడి తగిలిన వాన వచ్చునని నమ్మకము. నమ్మకము మాట యటుండనిండు. ఆ తంతునకు మొదట కావలసినది ఒక కప్ప. ఈ మధ్య ఒక యేడు మన వాడల పిల్లలు కప్పకై ఊరిచుట్టు తిరిగి, దొరకక, కాలువ దాటి పోయి తెచ్చినారు. పూర్వమైన పెరటి జాలాడి చెంతనే దొరకెడిది. నా బోటివారి వయసువారిని ఎవరినైన అడుగుడు. చిన్ననాడు తొలివాన రాత్రి నిద్రపట్టలేదని చెప్పుదురు. ఇప్పుడు పట్టుచున్నది.

ఈ తగ్గుదల మన ఒక్క ఊరి సంగతి యనుకొనవలదు. 1989లో ఇంగ్లండులోని కాంటర్‌బరీ పట్టణమున ఉభయచర సరీసృప శాస్త్రజ్ఞుల తొలి ప్రపంచ మహాసభ జరిగినది. అచటికి వచ్చినవారు విరామవేళల మాటలాడుకొనగా, ఒక్కొక్కరు తమ దేశములో కప్పలు కనబడుటలేదని చెప్పిరి. ఎవరికి వారు ఇది మా ఒక్కరి గోడు అనుకొనియుండిరి. కలిపి చూచునప్పటికి అది లోకపు గోడయినది. మధ్య అమెరికాలోని కోస్టారికా దేశమున మోంటెవెర్డె కొండలలో బంగారు రంగు గోదురుకప్ప యొకటి యుండెడిది. 1987లో పరిశోధకులు పదునైదు వందలకు పైగా చూచిరి. మరుసటి యేడు ఆ ప్రధాన మడుగుల వద్ద కనబడినది ఒక్కటే. 1989లో కడసారి యొకటి కనబడినది. ఆ తరువాత లేదు. అచట మరలు లేవు, పైరులు లేవు. రక్షితమైన అడవి. అందుచేత శాస్త్రజ్ఞులు దిగ్భ్రాంతులైరి.

పదేండ్లు గడచిన పిదప, 1998, 1999 సంవత్సరములలో, ఒక బూజు బయటపడినది. దానిని కైట్రిడ్ అందురు. నీటిలో ఈదులాడు బీజములతో వ్యాపించి, కప్ప చర్మమును పట్టి, ఆ చర్మము చేయు పనులను చెరచి, తుదకు గుండె ఆగునట్లు చేయును. ఆస్ట్రేలియాలోను, అమెరికా ఖండములలోను కొండవాగుల కప్పలను అది తుడిచిపెట్టినది. 2019లో వెలువడిన ఒక అధ్యయనమున ఈ బూజువలన 501 జాతులు క్షీణించినవనియు, వానిలో 90 జాతులు అంతరించినట్లున్నవనియు లెక్క కట్టిరి. ఆ అంకెలపై వాదమును జరిగినది. లెక్కలపై వాదము జరుగుట ఆరోగ్యకరమే. దీని పుట్టుక తూర్పు ఆసియాలోనని, బ్రతికియున్న కప్పల వ్యాపారము దీనిని లోకమంతట చల్లినదని 2018 పరిశోధన తేల్చినది. మొత్తముమీద 2004లో జరిగిన ప్రపంచ గణనలో సుమారు మూడవవంతు జాతులు ప్రమాదములో నున్నవని తేలినది. 2023లో ఎనిమిదివేలకు పైబడిన జాతులను పరిశీలించి నూటికి 41 వంతులు ప్రమాదములో నున్నవనిరి. పక్షులకు గాని, పాలిచ్చు జంతువులకు గాని ఇంత ముప్పు లేదు.

అట్లయిన మన కప్పలను కూడ ఆ బూజే తినినదా? పడమటి కనుమల కప్పలలో ఆ బూజు 2011 నాటికే కనుగొనబడినది. అయినను మన దేశమున అమెరికాలో వలె గుంపులు గుంపులుగా చచ్చుట కానరాలేదు. పైగా ఆ కనుమలలో క్రొత్త జాతులు నేటికిని బయటపడుచునే యున్నవి. 2014లో ఢిల్లీ విశ్వవిద్యాలయమునకు చెందిన బిజు గారి బృందము కాలుచాచి ఆడు "నర్తకి కప్పలు" పదునాలుగింటిని ఒక్కమారే ప్రకటించినది. కావున నేరమంతయు బూజుపై మోపి చేతులు కడుగుకొనుటకు మనకు వీలులేదు. పొరుగువాని దొంగను చూపి ఇంటిదొంగను దాచినట్లగును.

ఇంటిదొంగలలో మొదటిది, నా లెక్కలకు సంబంధించినది, కుంటల సంగతి.

దొరలకాలపు రీసెటిల్‌మెంటు రిజిస్టరును, మనవారు డైగ్లాటు అని పిలుచునది, తెరచి చూడుడు. "కుంట పోరంబోకు", "వాగు పోరంబోకు", "మడుగు" అని చిన్నచిన్న నంబరులు కనబడును. పదిసెంట్లు, ముప్పదిసెంట్లు, ఒక యెకరము. శిస్తు లేదు. శిస్తు లేనిదానిపై అధికారికి ఆసక్తి యుండదు. అందుచేత ఆ గడిలో మరల ఎవరును క్రొత్తగా వ్రాయలేదు. ఇప్పుడా నంబరునకు పోయి నిలుచుండిన మీ కాలిక్రింద శనగచేను గాని, కళ్లము గాని, ఇంటి పునాది గాని యుండును. కాగితముపై కుంట బ్రతికియే యున్నది. నేలపై లేదు. ఇది మన ఊరి కథ మాత్రమే కాదు. ఏ ఊరి లెక్కలవానిని అడిగినను, మనసిచ్చి మాటలాడినచో, ఇదే చెప్పును.

"కుంట పోయిన నేమి, కాలువలు వచ్చినవి గదా" యని మీరనవచ్చును. నిజమే. సుంకేసుల వద్ద తుంగభద్రకు ఆనకట్ట కట్టి మద్రాసు ఇరిగేషను కంపెనీ వారు 1860 తరువాతి దశాబ్దమున నిర్మించిన కర్నూలు–కడప కాలువ 1882లో ప్రభుత్వపరమైనది. అది మన జిల్లాకు అన్నము పెట్టినది. 1983లో ఆరంభమైన తెలుగుగంగ మన సీమలో మరికొన్ని చేలకు నీరిచ్చినది. ఆ నీటిని కాదనువాడను గాను. కాని మనుష్యునకు నీరు నీరే గాని, కప్పకు నీటిలో నీరు వేరు.

ఇచట కొంచెము నిదానింపవలెను, నా మాటలన్నిటిలోను ముఖ్యమైన దిదియే. కుంట యెండకాలమున ఎండిపోవును. ఎండుటయే దాని దోషమని మనమనుకొందుము. కప్పకు అదియే వరము. ఎండిన గుంటలో చేప బ్రతుకదు. చేపలేని నీటిలో తోకకప్పలు నిర్భయముగా పెరుగును. తొలివానకు నిండి, కొన్నివారములు నిలిచి, పిదప ఇంకిపోవు లోతులేని గుంట, దాని చుట్టు గడ్డి, ఇంత చాలును. ఆ కొన్నివారములలో గ్రుడ్డు కప్పయై గట్టెక్కును. ఏడాది పొడుగునను నిండియుండు చెరువులో చేపలు గ్రుడ్లను, పిల్లలను తినివేయును. పారుకాలువలో గ్రుడ్డు నిలువదు. సిమెంటు గోడల కాలువలో దిగిన చిన్నకప్ప మరల పైకెక్కలేదు. అందుచేత వందయెకరముల చెరువొకటి త్రవ్వి పది కుంటలు పూడ్చినచో నీటిలెక్కలో లాభము, కప్పలెక్కలో నష్టము. మన అడంగలులో పనికిమాలినదిగా వ్రాయబడిన గడియే దానికి పురిటిల్లు.

దీనికి తోడు దోమలచేప యున్నది. గంబూసియా యనునది అమెరికా చేప. మలేరియా నివారణకని 1928లో ఇటలీనుండి మన దేశమునకు తెచ్చిరి. నాటినుండి నేటివరకు బావులలో, గుంటలలో విడుచుచునే యున్నారు. అది దోమపిల్లలను తినును. నిజమే. కప్పగ్రుడ్లను, పసి తోకకప్పలను కూడ తినును. ఊరి నడుమ తొట్లలో విడిచిన విడువవచ్చును. పొలములోని వానగుంటలలో విడుచుట మాత్రము తెలివైన పని కాదని నా అభిప్రాయము. ఆరోగ్యశాఖ వారు ఇందు నాతో ఏకీభవింపకపోవచ్చును.

రెండవ దొంగ విషము. పంచతంత్రమున గంగదత్తుడను కప్పరాజు కథ మనలో చాలమందికి తెలియును. దాయాదులపై కినిసి, వారిని పరిమార్పుటకై ప్రియదర్శనుడను నల్లపామును తానే పిలిచి బావిలోనికి దింపుకొనెను. పాము మొదట దాయాదులను తినెను. పిదప మిత్రులను తినెను. ఆ పిదప కొడుకును తినెను. గంగదత్తుడు ఉపాయముతో తాను మాత్రము బయటపడెను. పురుగును చంపుటకు మందును పొలములోనికి పిలిచినప్పుడు మనము చేసినది ఇదియే. ప్రత్తిచేలకు కొట్టిన ఎండ్రిన్ డబ్బాలు మీలో పెద్దలకు గుర్తుండును. డి.డి.టి.ని సేద్యములో 1989లో నిషేధించిరి. ఎండ్రిన్‌ను 1990లో, బి.హెచ్.సి. పొడిని 1997లో, ఎండోసల్ఫాన్‌ను సుప్రీంకోర్టు ఆజ్ఞచే 2011లో నిలిపిరి. ఒకటి పోగా వేరొకటి వచ్చుచునే యున్నది. 2002లో బీటీ ప్రత్తికి అనుమతి వచ్చుటకు ముందు, దేశపు సాగుభూమిలో నూటికి ఐదువంతులున్న ప్రత్తి, దేశము వాడు పురుగుమందులలో సగమునకు దగ్గరగా త్రాగెడిదని చెప్పుదురు. నంద్యాల చుట్టుప్రక్కల ప్రత్తి పండించిన మనకు దీనికి వేరు సాక్ష్యము అక్కరలేదు.

పురుగుమందు కప్పను తిన్నగా చంపుటయే కాదు. దాని కూటిని చంపును. ఇంకొకటి, మనమంతగా తలపనిది, కలుపుమందు. అమెరికాలో పిట్స్‌బర్గు విశ్వవిద్యాలయపు రెల్యా అను ఆచార్యుడు గ్లైఫోసేట్ కలిసిన కలుపుమందును నీటితొట్లలో కలిపి చూడగా తోకకప్పలు మూకుమ్మడిగా చచ్చినవి. 2005లో దానిని ప్రకటించెను. మందు ఆకునకు అంటుకొనుటకై కలుపు జిగురుపదార్థమే ముఖ్యముగా చంపినదని తేలినది. మన కేంద్రప్రభుత్వము 2022లో ఆ మందును శిక్షణపొందిన వారు మాత్రమే వాడవలెనని ఉత్తరువిచ్చినది. ఉత్తరువు కాగితముపై ఎట్లున్నదో, చేనిలో ఎట్లున్నదో మీకే తెలియును. మొక్కజొన్నకు వాడు అట్రజీన్ అను మందు అత్యల్పమాత్రలో కూడ మగకప్పల అంగములలో ఆడలక్షణములు పుట్టించినదని కాలిఫోర్నియాకు చెందిన టైరోన్ హేస్ 2002లో ప్రకటించెను. ఆ మందు చేయు కంపెనీవారు చేయించిన పరిశోధనలు దానిని ఖండించినవి. ఆ వ్యాజ్యము ఇంకను తెగలేదు.

రైతును నిందించుటకు నేను ఇచట నిలువలేదు. పురుగు తిన్న చేను ఎదుట నిలిచినవాని దుఃఖము లెక్క వ్రాయువానికంటె ఎవరికి తెలియును? నేను అడుగునది స్వల్పము. మందుకొట్టిన పంపును కుంటలో కడుగవద్దు. ఖాళీ డబ్బాను వాగులో విసరవద్దు. నీటి ఒడ్డున నాలుగు బారల మేర మందు చల్లక విడువుడు. అంతకు మించి చేయగలవారు చేయవచ్చును. అప్పటి ఖమ్మం జిల్లాలోని పునుకుల గ్రామమువారు ఇరువదియేండ్ల క్రిందటనే పురుగుమందు లేకుండ ప్రత్తి పండించి చూపినారు. మన రాష్ట్రమున 2016 నుండి ప్రకృతి వ్యవసాయమును ప్రభుత్వమే ప్రోత్సహించుచున్నది.

మూడవది ఇప్పుడు ముగిసిన కథ. కనుక తొందరగా చెప్పెదను. స్వాతంత్ర్యము వచ్చిన తరువాత కొన్ని దశాబ్దములు మన దేశము కప్పకాళ్లను విదేశములకు ఎగుమతి చేసినది. బోదురుకప్ప వెనుకకాళ్లు ఫ్రాన్సు, అమెరికా మొదలగు దేశముల భోజనశాలలకు పోయెడివి. ఏడాదికి వేల టన్నులు. ఒక కప్పకు కాళ్లు రెండే. తూకము ఎంతో మీరే గుణించుకొనుడు. రాత్రి దీపములతో పట్టి, బ్రతికియుండగనే కాళ్లు కోసి, మిగిలినదానిని పారవైచిరి. కప్పలనమ్మి తెచ్చిన పైకమునకు మించి పురుగుమందుల దిగుమతికి పోయుచున్నదని నాడు కొందరు వాదించిరి. 1987లో ఎగుమతి నిషేధింపబడినది. వ్యాపారము ఇండోనీషియాకు మరలినది. కళాశాలల ప్రయోగశాలలలో కప్పను కోయుట కూడ విశ్వవిద్యాలయ నిధుల సంఘపు ఆదేశములతో ఈ మధ్యనే నిలిచిపోయినది. గాల్వానీ అను ఇటలీ వైద్యుడు 1791లో కప్పకాలు విద్యుత్తునకు అదురుటను గూర్చి వ్రాయగా, దానిపై వాదమునుండియే వోల్టా బ్యాటరీ పుట్టినది. మన చేతిలోని టార్చిలైటు కూడ కప్పకు ఋణపడినదే.

వానలను గూర్చియు ఒకమాట. తొలకరికి గుంట నిండి కప్పలు గ్రుడ్లు పెట్టును. పిదప నెలనాళ్లు వాన లేకున్న గుంట ఎండి పిల్లలన్నియు మాడిపోవును. ఇది పూర్వమును ఉండెడిది. అప్పుడు పది గుంటలలో నాలుగైనను మిగిలెడివి. ఇప్పుడు గుంటలే రెండు మిగిలియుండగా, ఆ రెండును ఎండిన, ఆ యేడు ఊరికి పుట్టుక లేదు. వాన తప్పు ఎంతయో, గుంటలు పూడ్చిన మన తప్పు ఎంతయో విడదీయుట కష్టము.

ఇంత చెప్పి ఒక చిక్కును దాచుట న్యాయము కాదు. మన బోదురుకప్ప జాతిగా అంతరించుచున్నది కాదు. పట్టికలలో దానిని ప్రమాదములేని వానిలోనే చేర్చిరి. అంతేకాదు, ఈ ఇరువదియేండ్లలో అది అండమాను దీవులకు, చేపపిల్లలతో కలిసి చేరినదని పరిశోధకుల భావన, చేరి అచటి స్థానిక కప్పలను మ్రింగుచు, రైతుల కోడిపిల్లలను కూడ వదలక బెడదయై కూర్చున్నది. ఇంట ఈగ, బయట పులి! ఒక జాతి లోకమున బ్రతికియే యుండి ఒక ఊరినుండి మాయము కావచ్చును. లోకపు పట్టికలు దానిని గమనింపవు. ఊరి నష్టమును ఊరివారే వ్రాసికొనవలెను.

అందులకే ఈ ప్రసంగము. కార్యవర్గమువారి అనుమతితో నేనొక నోటుపుస్తకము కుట్టించి, గడులు గీయించి తెచ్చితిని. మొదటి గడి తేది. రెండవది కార్తె, ఏలయన మృగశిర, ఆరుద్ర అనిన మనకు వాన గుర్తుకు వచ్చును గాని జూను అనిన రాదు. మూడవది చోటు, సర్వే నంబరు తెలిసిన మరింత మంచిది. నాలుగవది గొంతు. ఉత్తర అమెరికాలో కప్పలను లెక్కించుటకు స్వచ్ఛంద సేవకులు వాడిన పద్ధతి యొకటి ఉన్నది, అది మనకును చక్కగా పనికివచ్చును. చీకటిపడిన తరువాత నీటియొడ్డున ఐదునిమిషములు మాటలాడక నిలువవలెను. ఏమియు వినబడకున్న సున్న వ్రాయుడు. ఒక్కొక్క గొంతును విడిగా లెక్కింపగలిగిన ఒకటి. గొంతులు ఒకదానిపై నొకటి పడుచున్నను విడదీయగలిగిన రెండు. ఎడతెగని హోరు అయిన మూడు. అంతే. కప్పను పట్టనక్కరలేదు, పేరు తెలియనక్కరలేదు. ఐదవ గడిలో గ్రుడ్లు, తోకకప్పలు, బండ్లక్రింద నలిగినవి, ఏది కనబడిన అది.

సున్న వ్రాయుటకు సిగ్గుపడవలదు. మా వృత్తిలో సున్న కూడ ఒక పద్దే. ఖాళీగా విడిచిన గడియే పద్దు కాదు. పొలము కావలికి పోవువారు, రాత్రి నీరు కట్టువారు, పరీక్షలకు చదువుకొను పిల్లలు, నిద్రపట్టని వృద్ధులు, ఎవరైనను వ్రాయవచ్చును. స్త్రీలు తమ పెరటి జాలాడి వద్ద విన్నదానిని వ్రాయించిన చాలును. ఐదేండ్ల పుస్తకము చేరిన పిదప దానిని హైదరాబాదులోని జంతుశాస్త్ర సర్వేక్షణ సంస్థ కేంద్రమునకో, విశ్వవిద్యాలయమునకో పంపవచ్చును. కుంట పోరంబోకుల జాబితాను కూడ నేను డైగ్లాటునుండి ఎత్తివ్రాసి అదే పుస్తకపు కడపటి పుటలలో అతికించితిని. ఏ కుంట నేడు నేలపై ఉన్నదో, ఏది లేదో, మీరు నడచి చూచి ఎదురుగా గుర్తు పెట్టవలెను. ఆక్రమణల తగవు తీర్చుటకు కాదు సుమా. అది వేరొక కచ్చేరి పని.

పుస్తకమును వార్తాపత్రికల బల్లపై, కుడిప్రక్క నుంచితిని. పెన్సిలును దారముతో కట్టితిని, గ్రంథాలయములో పెన్సిళ్లు నిలుచుట మీకు తెలిసినదే. ఈ వారము వాన సూచనలున్నవి. మొదటి గడి ఇంకను ఖాళీగా నున్నది.